ప్లేస్టేషన్ గేమ్‌లో తెలుగు మెనూ: మీ సొంత డిస్క్‌ని ఇంట్లోనే మార్చుకోవడం ఎలా

పాత ప్లేస్టేషన్ గేమ్ తెర మీద ఇంగ్లీషులో "స్టార్ట్" అని వెలిగే చోట "మొదలు" అని కనిపిస్తే ఎలా ఉంటుందో చూద్దామన్న సరదాతో ఈ పనిలోకి దిగాను. ఒక్క మాట మార్చడానికి మూడు ఆదివారాలు పట్టింది. అందులో రెండు తెలియక చేసిన తప్పులకే పోయాయి. ఆ రెండు ఆదివారాలు మీకు మిగలాలనే ఇది రాస్తున్నాను.

ఇక్కడ చెప్పేదంతా 1994 డిసెంబరు 3న జపాన్‌లో విడుదలైన మొదటి ప్లేస్టేషన్ గురించి. నేర్చుకునేవాళ్లకు ఇంతకంటే అనువైన కన్సోల్ లేదని నా అభిప్రాయం. గేములన్నీ సీడీల మీద వచ్చాయి. లోపలి డేటాను గుప్తలిపిలో దాచలేదు, కాబట్టి కంప్యూటర్‌లోని మామూలు డ్రైవ్ కూడా చదివేస్తుంది. ప్లేస్టేషన్ 3 దగ్గరికొచ్చేసరికి ఆ సౌకర్యం లేదు, డేటా అంతా ఎన్‌క్రిప్ట్ అయి ఉంటుంది.

ముందు చట్టం సంగతి రెండు ముక్కల్లో. మన 1957 కాపీరైట్ చట్టంలో 52(1)(ఎఎ) అనే సెక్షన్ ఉంది. కంప్యూటర్ ప్రోగ్రాం కాపీ ఎవరి దగ్గర సక్రమంగా ఉందో, వాళ్లు దాన్ని ఏ పనికి ఇచ్చారో ఆ పనికి వాడుకోవడం కోసం కాపీ చేసుకోవచ్చు, మార్చుకోవచ్చు, పాడవుతుందేమోనని బ్యాకప్ పెట్టుకోవచ్చు అని అది చెబుతుంది. ఇందులో బరువంతా "సక్రమంగా" అన్న మాట మీదే ఉంది. 2012 సవరణతో వచ్చిన 65ఎ సెక్షన్, హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో రక్షణ ఏర్పాట్లను ఛేదించడాన్ని నేరంగా చూస్తుంది. అమెరికాలో ఉన్న మనవాళ్లకు 1998 నాటి డీఎంసీఏ వర్తిస్తుంది, దాని లెక్క వేరు. నేను లాయర్ని కాను. నా నియమం మాత్రం చిన్నది: డిస్క్ నాది, కాపీ నా కంప్యూటర్‌లో, మార్చిన ఇమేజ్ (డిస్క్ మొత్తానికి ఫైల్ రూపంలోని నకలు) ఇల్లు దాటదు.

డిస్క్ అసలుదేనా?

తిరగేసి చూడండి. అసలు ప్లేస్టేషన్ డిస్క్ అడుగు నల్లగా ఉంటుంది. మన ఊళ్లలో గంటకింత అని తీసుకుని ఆడించిన గేమ్ పార్లర్లలో నేను చూసిన డిస్కుల్లో ఎక్కువ వెండిరంగువే, అంటే ఎవరో రాసిన కాపీలు. వాటిలో చోటు మిగల్చడానికి వీడియోలు, పాటలు కోసేసినవి కూడా ఉంటాయి. అలాంటిదాన్ని పునాదిగా పెట్టుకుంటే, తర్వాత తప్పు మీదో ఆ కాపీ చేసినవాడిదో తేలదు. చట్టం మాట అటుంచినా పనికోసమైనా అసలుదే కావాలి.

డిస్క్ మురికిగా ఉంటే మెత్తటి పొడిబట్టతో మధ్య నుంచి అంచుకు తిన్నగా తుడవండి. గుండ్రంగా తిప్పి రుద్దకండి. గుండ్రంగా పడిన గీత ఒకే చోట చాలా దూరం డేటాను దెబ్బతీస్తుంది, అడ్డంగా పడిన గీతను డ్రైవ్ చాలావరకు సర్దుకుంటుంది.

సరంజామా

డిస్క్ డ్రైవ్ ఒకటి. ఇప్పటి ల్యాప్‌టాప్‌లలో అది ఉండదు కాబట్టి యూఎస్‌బీ డీవీడీ రైటర్ కొనుక్కోవాలి. హైదరాబాద్ వాళ్లయితే సికింద్రాబాద్ సీటీసీ కంప్యూటర్ మార్కెట్‌లో పాత డెస్క్‌టాప్ నుంచి ఊడదీసిన డ్రైవ్ గురించి కూడా అడిగి చూడొచ్చు.

సాఫ్ట్‌వేర్ అంతా ఉచితమే. డిస్క్ చదవడానికి ఇమ్‌గ్‌బర్న్, బైట్లు చూడటానికీ మార్చడానికీ హెచ్‌ఎక్స్‌డీ, ఇమేజ్‌ని విప్పడానికి డంప్‌ఎస్‌ఎక్స్‌ఐఎస్ఓ, తిరిగి కట్టడానికి దాని జోడీ ఎంకేపీఎస్‌ఎక్స్‌ఐఎస్ఓ, బొమ్మలు వెతకడానికి జేపీఎస్‌ఎక్స్‌డెక్, వాటిని దిద్దడానికి గింప్, ఆడి చూడటానికి డక్‌స్టేషన్ అనే ఎమ్యులేటర్, అంటే కంప్యూటర్‌ని ప్లేస్టేషన్‌లా నడిపించే ప్రోగ్రాం. డక్‌స్టేషన్‌కు 512 కేబీల బయోస్ ఫైల్ (కన్సోల్ ఆన్ కాగానే నడిచే లోపలి ప్రోగ్రాం) కావాలి. అది మీ కన్సోల్ నుంచి తీసుకున్నదై ఉండాలి. కన్సోల్ ఎప్పుడో పోయిందంటారా, పీసీఎస్‌ఎక్స్ రీడక్స్ అనే ఇంకో ఎమ్యులేటర్ ఉంది. దానితోపాటు ఓపెన్‌బయోస్ అనే స్వేచ్ఛా బయోస్ వస్తుంది.

మొదటి మెట్టు: డిస్క్‌ని ఇమేజ్‌గా తీయడం

ఇమ్‌గ్‌బర్న్ తెరిచి, డిస్క్ నుంచి ఇమేజ్ ఫైల్ తయారుచేసే బొత్తాం నొక్కండి. వేగం తగ్గించి పెట్టండి, తొందరపడితే పాత డిస్కులు మొరాయిస్తాయి. చివరికి రెండు ఫైళ్లు వస్తాయి: పెద్దది బిన్, చిన్నది క్యూ. బిన్‌లో డిస్క్ మీదున్న సరుకంతా ఉంటుంది. క్యూ అనేది నాలుగైదు వరుసల టెక్స్ట్, ఏ ట్రాక్ ఎక్కడ మొదలవుతుందో చెబుతుంది. బిన్ పేరు క్యూ లోపల రాసి ఉంటుంది కాబట్టి బిన్ పేరు మారిస్తే నోట్‌ప్యాడ్‌లో క్యూ తెరిచి అక్కడా మార్చాలి. "ఇమేజ్ తెరుచుకోవట్లేదు" అని నన్ను అడిగినవాళ్లలో సగంమంది దగ్గర జరిగింది ఇదే.

ఐఎస్ఓ రూపంలో మాత్రం తీయకండి. కారణం సెక్టార్‌లో ఉంది. సీడీ మీద ప్రతి సెక్టార్ 2352 బైట్లు. ప్లేస్టేషన్ మామూలు డేటా సెక్టార్‌లో ఆ 2352 ఇలా పంచుకుంటాయి: గుర్తు పట్టడానికి 12, చిరునామాకు 4, ఉపశీర్షికకు 8, అసలు డేటా 2048, తప్పు పట్టే సంకేతం 4, తప్పు దిద్దే సంకేతం 276. కూడి చూసుకోండి, సరిపోతుంది. ఐఎస్ఓ వీటిలో మధ్యనున్న 2048 మాత్రమే ఉంచుకుని మిగతాది పారేస్తుంది. అయితే గేమ్‌లోని వీడియో, ప్రసంగాల ఆడియో కోసం ఇంకో రకం సెక్టార్ ఉంది. అందులో తప్పు దిద్దే సంకేతం ఉండదు, డేటాకే 2324 బైట్లు ఇచ్చేస్తారు. ఐఎస్ఓ తీస్తే ఆ అదనపు 276 బైట్లు పోతాయి. గేమ్ తెరుచుకుంటుంది, మాటలూ వీడియోలూ పాడవుతాయి.

ఇప్పుడు పరీక్షలు. బిన్ ఫైల్ సైజును 2352తో భాగించండి, శేషం రాకూడదు. 74 నిమిషాల సీడీ పూర్తిగా నిండితే 3,33,000 సెక్టార్లు, అంటే 78,32,16,000 బైట్లు. తర్వాత హెచ్‌ఎక్స్‌డీలో బిన్ తెరిచి 37,664వ బైట్ దగ్గరికి వెళ్లండి. అక్కడ "ప్లేస్టేషన్" అని ఇంగ్లీషు పెద్ద అక్షరాల్లో కనబడాలి. ఆ అంకె ఎక్కడి నుంచి వచ్చిందంటే, డిస్క్ వివరాలు 16వ సెక్టార్‌లో ఉంటాయి. 16ను 2352తో గుణిస్తే 37,632. ముందున్న 24 బైట్లు దాటి, లోపల ఇంకో 8 బైట్లు జరిగితే ఆ పేరు. ఈ లెక్క ఇప్పుడే ఒకసారి చేతితో చేసి పెట్టుకోండి, మళ్లీ పనికొస్తుంది.

డిస్క్‌ని రెండోసారి కూడా చదివించి, రెండు బిన్‌ల షా-1 హాష్ (ఫైల్‌కు వేలిముద్ర లాంటి అంకె) పోల్చండి. హెచ్‌ఎక్స్‌డీలోనే హాష్ లెక్కగట్టే సదుపాయం ఉంది. రెండూ ఒకటే వస్తే చదవడంలో తేడా రాలేదని ధైర్యం. రీడంప్ అనే డేటాబేస్‌లో చాలా డిస్కుల హాష్‌లు దొరుకుతాయి, వాటితోనూ పోల్చుకోవచ్చు. పాటల ట్రాకులున్న డిస్క్ అయితే అక్కడ ట్రాక్‌కొక హాష్ విడిగా ఉంటుంది, మీ ఒక్క బిన్ హాష్ దానితో కలవదు. కలవలేదని కంగారు పడకండి.

యూరప్‌లో అమ్మిన కొన్ని గేముల్లో లిబ్‌క్రిప్ట్ అనే రక్షణ ఉంది. దాని గుర్తులు బిన్‌లోకి రాని ఉపఛానల్‌లో (డేటా పక్కన నడిచే అదనపు సమాచారంలో) ఉంటాయి కాబట్టి అలాంటి ఇమేజ్ మధ్యలో ఆగిపోతుంది. మొదటి ప్రయోగానికి అమెరికా డిస్కో జపాన్ డిస్కో పెట్టుకుంటే ఆ తలనొప్పి ఉండదు.

అంతా సరిగ్గా ఉందనుకున్నాక ఆ బిన్, క్యూలను వేరే ఫోల్డర్‌లో పెట్టి చదవడానికి మాత్రమే వీలయ్యేలా తాళం వేయండి. ఇకమీదట చేసేదంతా కాపీ మీదే.

రెండో మెట్టు: ఏమీ మార్చకుండా విప్పి, మళ్లీ కట్టడం

ఈ మెట్టు నేను దాటేశాను. అదే నా మొదటి ఆదివారం.

ఇమేజ్ అంటే ఫైళ్లు కుక్కిన గోనెసంచి అనుకున్నాను. అసలది రిజర్వేషన్ చార్టు అంటించిన రైలుపెట్టె. ప్రతి ఫైల్‌కూ ఫలానా సెక్టార్ నుంచి ఫలానా సెక్టార్ దాకా అని బెర్తు ఉంటుంది. చాలా గేములు ఫైల్‌ని పేరుపెట్టి పిలవవు. "1,240వ సెక్టార్ నుంచి 30 సెక్టార్లు తీసుకురా" అని నేరుగా నంబరుతో అడుగుతాయి. అలా అయితే సీడీ మీద వెతుకులాట తగ్గుతుంది, గేమ్ త్వరగా లోడవుతుంది. ఇప్పుడు మీరు ఒక ఫైల్‌ని ఒక్క సెక్టార్ పెంచారనుకోండి. దాని తర్వాతి ప్రయాణికులందరూ ఒక్కో బెర్తు జరుగుతారు. చార్టు మాత్రం పాతదే. గేమ్ వెళ్లి శత్రువు బొమ్మ అడిగితే అక్కడ పాట కూర్చుని ఉంటుంది.

కమాండ్ ప్రాంప్ట్‌లో డంప్‌ఎస్‌ఎక్స్‌ఐఎస్ఓకు బిన్ పేరు ఇవ్వండి. ఫైళ్లు పడాల్సిన ఫోల్డర్‌ని ఎక్స్ ఆప్షన్‌తో, చార్టు రాయాల్సిన ఎక్స్‌ఎంఎల్ ఫైల్‌ని ఎస్ ఆప్షన్‌తో చెప్పాలి. ఆ ఎక్స్‌ఎంఎల్‌ని నోట్‌ప్యాడ్‌లో తెరిచి చదవండి. ఏ ఫైల్ ఏ వరుసలో ఉందో, ఏది మామూలు డేటానో, ఏది ఆడియో వీడియో కలిసిన మిశ్రమ ఫైలో అందులో ఉంటుంది. దాని వరుస మార్చకండి.

ఇప్పుడు ఏ ఫైల్‌నీ తాకకుండా అదే ఎక్స్‌ఎంఎల్‌ని ఎంకేపీఎస్‌ఎక్స్‌ఐఎస్ఓకు ఇచ్చి కొత్త బిన్ కట్టండి. డక్‌స్టేషన్‌లో తెరవండి. టైటిల్ తెర రావాలి, ఒక వీడియో ఆడాలి, మొదటి దశ లోడవ్వాలి. ఇక్కడే ఆగిపోతే ఆ గేమ్‌ని పక్కనపెట్టి ఇంకోటి తీసుకోండి. మార్పు చేయకముందే విరిగేదాన్ని మార్చాక బాగుచేయలేం.

విప్పిన ఫోల్డర్‌లో సిస్టమ్ డాట్ సీఎన్‌ఎఫ్ అనే చిన్న టెక్స్ట్ ఫైల్ ఉంటుంది. అందులో బూట్ అన్న వరుసలో ఉన్న పేరే గేమ్ ప్రధాన ప్రోగ్రాం. దాని పేరు డిస్క్ మీద ముద్రించిన సీరియల్ నంబరులాగే ఉంటుంది. మెనూ మాటలు వెతకడం అక్కడి నుంచే మొదలుపెడతాం.

మూడో మెట్టు: మాట ఎక్కడుంది?

ప్రధాన ప్రోగ్రాంని హెచ్‌ఎక్స్‌డీలో తెరిచి ఇంగ్లీషు "స్టార్ట్" కోసం వెతకండి. పెద్ద అక్షరాల్లో దాని బైట్లు హెక్స్‌లో (0 నుంచి 9, తర్వాత ఏ నుంచి ఎఫ్ దాకా 16 గుర్తులతో రాసే లెక్కలో) 53 54 41 52 54. దొరికితే అదృష్టవంతులు. దొరక్కపోతే మూడు అనుమానాలున్నాయి.

మొదటిది, జపనీస్ గేముల్లో మామూలైన షిఫ్ట్‌జిస్ పద్ధతి. అందులో ఇంగ్లీషు అక్షరానికి కూడా రెండేసి బైట్లు పట్టొచ్చు. ఉదాహరణకు "ఎస్" అక్షరం 82 72 అవుతుంది. రెండోది, గేమ్ చేసినవాళ్లు సొంత వరుస పెట్టుకోవడం. అలాంటప్పుడు అక్షరాల మధ్య దూరం పట్టుకుని వెతకాలి. "స్టార్ట్" ఇంగ్లీషు అక్షరాల్లో ఎస్ నుంచి టీకి ఒకటి ముందుకు, టీ నుంచి ఏకి 19 వెనక్కి, ఏ నుంచి ఆర్‌కి 17 ముందుకు, ఆర్ నుంచి టీకి 2 ముందుకు. వరుస ఎక్కడ మొదలైనా ఈ దూరాలు మారవు. ఈ పని చేసిపెట్టే మంకీ మూర్ అనే చిన్న పనిముట్టు ఉంది. మూడోది, ఫైల్‌ని కుదించి పెట్టడం. ఎమ్యులేటర్ మెమరీలో మాట కనబడి డిస్క్‌లో కనబడకపోతే ఇదేనని అనుకోండి. కుదింపు విప్పడం వేరే చదువు, మొదటి ప్రయత్నంలో అటు పోవద్దు.

అసలు నాలుగో అవకాశం కూడా ఉంది. అది అక్షరాలే కాకపోవచ్చు, బొమ్మ కావచ్చు. టైటిల్ తెర మీది మాటలు చాలాసార్లు బొమ్మలే. తెలుగువాళ్లకు అది శుభవార్త, ఎందుకంటే బొమ్మలో గడికొక అక్షరం అన్న ఇబ్బంది లేకుండా మాటను గీసేయొచ్చు. ఎలాగో ఐదో మెట్టులో చెబుతాను.

మాట దొరికాక ఎన్ని బైట్లుందో లెక్కపెట్టండి. దాని చివర సాధారణంగా 00 ఉంటుంది, మాట అయిపోయిందని గేమ్‌కు చెప్పేది అదే. కొత్త మాట పాతదానికంటే చిన్నదైతే మిగిలిన చోటంతా 00తో నింపండి. పెద్దదైతే ఆ చోట పట్టదు. పక్క మాట మీదికి పొర్లుతుంది.

ఒక హెచ్చరిక, ఇది నా రెండో ఆదివారం. హెచ్‌ఎక్స్‌డీలో కంట్రోల్-వీ నొక్కితే కాపీ చేసిన బైట్లు మధ్యలో దూరి మిగతావాటిని ముందుకు తోసేస్తాయి. ఉన్నవాటి మీదే రాయాలంటే కంట్రోల్-బీ. ఫైల్ సైజు మారుతోందని అది పాపం హెచ్చరిస్తుంది కూడా. నేను చదవకుండా ఓకే నొక్కాను. గేమ్ నల్లతెర దగ్గర నిలబడిపోయింది. మధ్యాహ్నం నుంచి సాయంత్రం దాకా బయోస్‌నీ, ఎమ్యులేటర్‌నీ తిట్టుకుంటూ కూర్చున్నాను. కాబట్టి దాచిన ప్రతిసారీ ఫైల్ సైజు పాతదానితో పోల్చండి. ఒక్క బైట్ తేడా ఉన్నా వెనక్కి వెళ్లండి.

పెద్ద మాటే కావాలని పట్టుబడితే దారి ఉంది. ప్రోగ్రాంలో ఎక్కడో 00లు వరుసగా ఉన్న ఖాళీ చోటు చూసుకుని మాటను అక్కడ రాసి, దాన్ని చూపించే పాయింటర్‌ని మార్చాలి. పాయింటర్ అంటే మాట మెమరీలో ఎక్కడ ఉంటుందో చెప్పే 4 బైట్ల చిరునామా. ప్రధాన ప్రోగ్రాంకు మొదట 2048 బైట్ల శీర్షిక ఉంటుంది, హెక్స్‌లో అది 800. శీర్షిక తర్వాతిదంతా మెమరీలో ఒక స్థానం నుంచి పరుచుకుంటుంది. ఆ స్థానం శీర్షికలోనే, హెక్స్‌లో 18వ బైట్ దగ్గర రాసి ఉంటుంది. చాలా గేముల్లో అది హెక్స్‌లో 80010000. మీ మాట ఫైల్‌లో హెక్స్ 3000 దగ్గర ఉంటే, దానిలోంచి 800 తీసేయండి, 2800. దాన్ని 80010000కు కలపండి, 80012800. ప్లేస్టేషన్ ప్రాసెసర్ చిన్న బైట్‌ని ముందు రాస్తుంది కాబట్టి ఫైల్‌లో ఇది 00 28 01 80గా కనిపిస్తుంది. పాత మాటకు ఇలాగే లెక్కగట్టి, ఆ నాలుగు బైట్లను వెతికి, కొత్త చిరునామా రాయాలి. అలా ఎక్కడా దొరక్కపోతే గేమ్ ఆ చిరునామాని రెండు ఆదేశాలుగా విడగొట్టి కట్టుకుంటోందన్నమాట. అప్పుడు మాటనే కుదించుకోవడం నయం. ఖాళీ చోటు అన్నది నిజంగా ఖాళీయేనా అన్నది కూడా ఆడి చూస్తేనే తెలుస్తుంది. 00లుగా కనబడేది గేమ్ నడిచేటప్పుడు వాడుకునే పలక కావచ్చు.

నాలుగో మెట్టు: తెలుగు అక్షరాలను ఇరికించడం

గేమ్ ఫాంట్ అంటే ఒక బొమ్మ. అందులో గళ్లు గీసి, గడికొక ఇంగ్లీషు అక్షరం వేసి ఉంటుంది. 41 అనే బైట్ వస్తే ఫలానా గడి చూపించు, అంతే దానికి తెలిసింది. గుణింతం, వత్తు అంటే దానికి అర్థం కాదు. "కి" రాయాలంటే "క" గడి పక్కన గుడి గడి వేస్తుంది కానీ నెత్తిన పెట్టదు.

అందుకే అచ్చులు, హల్లులు విడివిడిగా గీయడం మానేసి, మీకు కావలసిన అక్షరాలను గుణింతంతో సహా తయారుగా గీసుకోవాలి. తెలుగు గుణింతాలు, వత్తులు అన్నీ లెక్కేస్తే వందల్లో తేలతాయని భయపడనక్కర్లేదు. మీ మెనూలో వచ్చేవి మాత్రమే గీస్తే చాలు. మొదలు, కొనసాగించు, ఎంపికలు అనే మూడు మాటలు తీసుకోండి. మొ, ద, లు, కొ, న, సా, గిం, చు, ఎం, పి, క. "లు" రెండుసార్లు వచ్చింది కాబట్టి మొత్తం 11 గళ్లు. గేమ్ మెనూలో వాడని చిన్న అక్షరాల స్థానంలో ఇవి హాయిగా సరిపోతాయి.

ఇక్కడ నాకో ముచ్చట తెలిసింది. ఇంగ్లీషు "స్టార్ట్" 5 గళ్లు, మన "మొదలు" 3. "కంటిన్యూ" 8 గళ్లు, "కొనసాగించు" 5. "ఆప్షన్స్" 7, "ఎంపికలు" 4. తెలుగు పొడుగు భాష అని అందరూ అంటారు గానీ, గడికొక అక్షరం లెక్కన చూస్తే మూడు చోట్లా మనమే పొదుపు. పాయింటర్ల జోలికి పోనవసరం లేకుండా పాత చోటులోనే పట్టేస్తాయి.

తిరకాసు వెడల్పులో ఉంది. 8 పిక్సెళ్ల గడిలో "మొ" గీసి చూడండి, చీమ కాలు విరిగినట్టుంటుంది. దాన్ని రెండు గళ్ల మీద పరిస్తే "మొదలు" 6 గళ్లవుతుంది, ఉన్న చోటు 5. "కొనసాగించు" 10 అవుతుంది, ఉన్నది 8. నేను రాజీపడ్డ పద్ధతి ఏమిటంటే వెడల్పాటి అక్షరాలకే రెండు గళ్లు, ద, న, క లాంటి వాటికి ఒక్కటి. అలా "మొదలు" 5 గళ్లలో కుదిరింది: మొకు రెండు, దకు ఒకటి, లుకు రెండు. ఎత్తు విషయంలో రాజీ కుదరదు. పైన గుడి, కింద వత్తు పడాలంటే 16 పిక్సెళ్లు కావాలి. 8 పిక్సెళ్ల ఎత్తున్న ఫాంట్ అయితే తెలుగు ఆశ వదులుకుని మాటను బొమ్మగా పెట్టే దారి చూడండి. వీలైతే వత్తులు లేని మాటలే ఎంచుకోండి. "ప్రారంభం" కంటే "మొదలు" నాకు నచ్చడానికి అది కూడా ఒక కారణం.

ఐదో మెట్టు: బొమ్మలు మార్చడం

ప్లేస్టేషన్ బొమ్మలు ఎక్కువగా టిమ్ అనే రూపంలో ఉంటాయి. హెక్స్‌లో 10 00 00 00 తర్వాత 08 00 00 00 కనబడితే 16 రంగుల టిమ్, 09 00 00 00 అయితే 256 రంగులది. జేపీఎస్‌ఎక్స్‌డెక్‌కు ఇమేజ్ ఇస్తే ఇవన్నీ వెతికి జాబితా చేసి, పీఎన్‌జీలుగా బయటపెడుతుంది. టైటిల్ తెర, ఫాంట్ రెండూ దాదాపు అక్కడే దొరుకుతాయి.

గింప్‌లో తెరిచి దిద్దేటప్పుడు మూడు చోట్ల జాగ్రత్త కావాలి. బొమ్మ కొలతలు మారకూడదు. రంగుల పట్టిక వరుస మారకూడదు, వాడని రంగులు తీసేస్తానని గింప్ అడిగితే వద్దనండి. మూడోది నలుపు. ప్లేస్టేషన్ రంగు 16 బిట్లలో ఉంటుంది: ఎరుపు, ఆకుపచ్చ, నీలం ఒక్కోదానికి 5 బిట్లు, పైన ఒక ప్రత్యేక బిట్. అన్నీ సున్నాలైన రంగును అది నలుపుగా గీయదు, పారదర్శకంగా వదిలేస్తుంది. "మొదలు" చుట్టూ నల్లగీత వేసుకుంటే తెర మీద ఆ గీత మాయమై వెనక ఆకాశం కనబడటం ఇందుకే. నిజమైన నలుపు కావాలంటే ఆ ప్రత్యేక బిట్ 1 కావాలి, అంటే హెక్స్‌లో 8000. అంత గొడవ ఎందుకంటే, నలుపుకు బదులు చాలా ముదురు నీలం పెట్టండి. కంటికి తేడా తెలియదు.

పీఎన్‌జీని తిరిగి టిమ్ చేయడానికి ఐఎంజీ టు టిమ్ అనే చిన్న ప్రోగ్రాం ఉంది. టిమ్ లోపల బొమ్మతోపాటు, అది వీడియో మెమరీలో ఎక్కడ కూర్చోవాలో కూడా రాసి ఉంటుంది. ప్లేస్టేషన్ వీడియో మెమరీ 1024 అడ్డం, 512 నిలువు గళ్ల ఒకే పెద్ద పలక. తెర, బొమ్మలు, రంగుల పట్టికలు అన్నీ దానిమీదే సర్దుకుంటాయి. పాత టిమ్‌లో బొమ్మకూ, పట్టికకూ ఉన్న స్థానాలను ముందే రాసిపెట్టుకుని, కొత్తదానికి అవే ఇవ్వాలి. ఇవ్వకపోతే మీ మాట వెళ్లి హీరో ముఖం మీద కూర్చుంటుంది. కొత్త టిమ్ సైజు పాతదానితో బైట్‌కు బైట్ సమానంగా వచ్చిందని చూసుకుని, అది ఏ ఫైల్‌లో ఏ చోటునుంచి వచ్చిందో ఆ చోటే కంట్రోల్-బీతో అతికించండి.

ఆరో మెట్టు: కట్టడం, ఆడటం

మార్చిన ఫైళ్లున్న ఫోల్డర్‌ని రెండో మెట్టులోలాగే ఎంకేపీఎస్‌ఎక్స్‌ఐఎస్ఓతో కట్టండి. తప్పు పట్టే, తప్పు దిద్దే సంకేతాలను అదే కొత్తగా లెక్కగట్టి రాస్తుంది. అలా కాకుండా బిన్‌లోనే నేరుగా ఒకటి రెండు బైట్లు మార్చాలనుకుంటే లెక్క ఇది: ఫైల్ 250వ సెక్టార్‌లో మొదలై, మీ మాట అందులో 5000వ బైట్ దగ్గరుంటే, 5000ను 2048తో భాగించండి. భాగఫలం 2, శేషం 904. అంటే 252వ సెక్టార్. 252ను 2352తో గుణిస్తే 5,92,704. దానికి 24, 904 కలిపితే 5,93,632. అక్కడ మార్చాక సంకేతాలు పాతవే ఉండిపోతాయి. ఎమ్యులేటర్ పట్టించుకోకపోవచ్చు. కానీ సంకేతాలను నమ్మే డ్రైవ్ మీ కొత్త అక్షరాన్నే గీతపడిన తప్పుగా భావించి పాత అక్షరానికి దిద్దేసే ప్రమాదం ఉంది. ఈసీసీ రీజెన్ అనే పనిముట్టు నడిపితే అవి సరిపోతాయి.

పరీక్షించేటప్పుడు సేవ్ స్టేట్ వాడకండి. అది పాత మెమరీని ఉన్నదున్నట్టు తిరిగి తెస్తుంది కాబట్టి మీరు మార్చింది కనిపించదు, మార్పు పనిచేయలేదని మోసపోతారు. ప్రతిసారీ మొదటి నుంచి బూట్ చేయండి. లోపలి దశలకు వెళ్లాలంటే మెమరీ కార్డ్ సేవ్ వాడుకోండి.

ఒకసారికి ఒక్క మార్పే. మాట మార్చి కట్టి చూడండి, తర్వాత ఫాంట్, తర్వాత బొమ్మ. మూడూ కలిపి చేసి తెర నల్లబడితే దొంగ ఎవరో తేలదు. నేనో నోట్‌బుక్ పెట్టుకుని ఏ ఫైల్, ఏ చోటు, పాత బైట్లు, కొత్త బైట్లు అని నాలుగు గడులు గీసుకున్నాను. మూడో ఆదివారం పని తెమిలిందంటే సగం ఆ నోట్‌బుక్ పుణ్యమే.

మార్చిన ఇమేజ్‌ని సీడీ మీద రాసి అసలు కన్సోల్‌లో పెడితే మామూలుగా నడవదు. అసలు డిస్కుల మొదట్లో గాడిని కావాలని వణికించి ప్రాంతం గుర్తు వేశారు. ఇంటి రైటర్‌కు ఆ వణుకు రాయడం చేతకాదు. కన్సోల్ విప్పే పని ఇక్కడ చెప్పను, ఎమ్యులేటర్ చాలు.

ఏడో మెట్టు: దాచుకోవడం, పంచుకోవడం

మార్చిన బిన్ మొత్తాన్ని స్నేహితులకు పంపకండి, అది గేమ్‌ని పంచినట్టే. మీరు మార్చిన తేడాను మాత్రం విడిగా తీయొచ్చు. ఎక్స్‌డెల్టాకు అసలు బిన్, మార్చిన బిన్ రెండూ ఇస్తే చిన్న ప్యాచ్ ఫైల్ ఇస్తుంది. అదే గేమ్ సొంతంగా ఉన్నవాళ్లు తమ డిస్క్ నుంచి తీసిన బిన్‌కు ఆ ప్యాచ్ వేసుకుంటారు. ప్యాచ్‌తోపాటు అసలు బిన్ షా-1 హాష్ కూడా రాసి ఇవ్వండి. ఒకే గేమ్ రెండు ముద్రణల్లో బైట్లు వేరుగా ఉంటాయి, వేరే ముద్రణకు ఆ ప్యాచ్ పట్టదు.

చోటు పొదుపు కావాలంటే మామ్ ఎమ్యులేటర్‌తో వచ్చే సీహెచ్‌డీమ్యాన్‌తో బిన్, క్యూలను కలిపి సీహెచ్‌డీగా కుదించుకోవచ్చు. డక్‌స్టేషన్ దాన్ని నేరుగా తెరుస్తుంది. అసలు బిన్‌ని మాత్రం విడిగా ఉంచండి.

ప్యాచ్ చేశాక తాళం వేసి పెట్టిన అసలు బిన్‌కు ఇంకో కాపీ తీసి, దానికి ప్యాచ్ వేసి, వచ్చినదాని హాష్ మీ మార్చిన బిన్ హాష్‌తో పోల్చండి. రెండూ కలిస్తే ప్యాచ్ సరైనదే. ఇక డ్రైవ్‌లోంచి డిస్క్ తీసి పెట్టెలో పెట్టేయొచ్చు. నాది వారం రోజులు డ్రైవ్‌లోనే మర్చిపోయాను, కంప్యూటర్ ఆన్ చేసినప్పుడల్లా బుర్రుమని తిరిగేది.